బార్ట్లే వెన్నెలను కాపాడుకోవాలి

విజయా వారి చిత్రాల్లోని వెన్నెలను మెచ్చుకోని తెలుగు ప్రేక్షకుడు అరుదు. ఆ వెన్నెల కురిపించిన ఛాయాగ్రాహకుడి పేరు తడుముకోకుండా చెప్పగలిగేవారు మాత్రం తక్కువే. బి.ఎన్.రెడ్డి ‘స్వర్గసీమ’ (1945)కు పనిచేసిన ఆంగ్లో ఇండియన్ మార్కస్ బార్ట్లే, ఆ తర్వాత రెండు దశాబ్దాల లోపే ‘షావుకారు’, ‘పాతాళభైరవి’, ‘మిస్సమ్మ’, ‘మాయాబజార్’, ‘గుండమ్మ కథ’లకు కెమెరా పట్టారు. తెలుగు సినిమాకు స్వర్ణయుగమని చెప్పుకుంటున్న కాలంలో గణనీయమైన భాగం ఆయన చేతుల మీదుగానే మనకు అందింది.

ఈనాటి ఛాయాగ్రాహకుడు షాట్ పూర్తయిన మరుక్షణమే మానిటర్‌లో ఫలితం చూసుకోగలడు. 1957లో ‘మాయాబజార్’ తీసేనాటికి ఆ వెసులుబాటు లేదు. నెగెటివ్‌ను ల్యాబ్‌లో కడిగి, ప్రింటు వేసి, తెర మీద ఆడిస్తే తప్ప పడిన శ్రమ ఫలించిందో లేదో తెలిసేది కాదు. పైగా ఆ చిత్రాన్ని తెలుగు, తమిళ భాషల్లో ఒకేసారి తీశారు. తెలుగులో అభిమన్యుడు అక్కినేని అయితే తమిళంలో జెమినీ గణేశన్. అంటే పడవలో శశిరేఖ పక్కన నాయకుడు మారినప్పుడల్లా నీటి మీది మెరుపును, సావిత్రి ముఖం మీది మెత్తని వెలుగును, వెనుకనున్న చీకటిని మళ్లీ అంతే పొందికగా కుదర్చాలి. గోఖలే, కళాధర్‌ల కళాదర్శకత్వంలో చిన్న చిన్న ఇళ్లతో రూపుదిద్దుకున్న ద్వారక నమూనా తెర మీద మహానగరంలా కనిపించిందంటే, కెమెరాను ఏ ఎత్తులో నిలపాలో, ఏ గోడ మీద ఎంత వెలుతురు పడాలో తెలిసిన మనిషి దాని వెనుక ఉన్నాడు. కంప్యూటర్ ఊసే లేని రోజుల్లో సాధించిన పని అది.

2010లో ‘మాయాబజార్’ రంగుల్లో వచ్చింది. ఆ ప్రయత్నం వెనుక ఉన్న అభిమానాన్ని మేము శంకించడం లేదు. కొత్త తరాన్ని ఆ సినిమా కోసం థియేటర్ల దాకా రప్పించిన మేలూ చిన్నది కాదు. అయినా ఒక మాట స్పష్టంగా చెప్పాలి. నలుపు తెలుపు చిత్రంలో గోడల రంగు నుంచి చీర రంగు దాకా తెర మీద ఏ ఛాయలో కనిపిస్తుందన్న లెక్కతోనే ఎంచుకుంటారు, దీపాలూ ఆ లెక్క ప్రకారమే పెడతారు. దశాబ్దాల తర్వాత దానికి అద్దిన రంగు ఇతరుల నిర్ణయమే అవుతుంది తప్ప బార్ట్లే పనితనం కాజాలదు. రంగు వేయడం ఆయనకు చేతకాని విద్య కూడా కాదు. రాష్ట్రపతి స్వర్ణ పతకం అందుకున్న మలయాళ చిత్రం ‘చెమ్మీన్’ (1965)లోని కడలి రంగులు ఆయన పట్టినవే. తమిళ చిత్రం ‘శాంతి నిలయం’ రంగుల ఛాయాగ్రహణానికి ఆయన జాతీయ పురస్కారమూ పొందారు.

గుర్తింపు విషయంలో మాత్రం న్యాయం జరగలేదు. ఆయన ఎవరి చిత్రాలకు పనిచేశారో ఆ బి.ఎన్.రెడ్డి, ఎల్.వి.ప్రసాద్, నాగిరెడ్డి ముగ్గురూ దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నారు. అందులో మరో మాటకు తావు లేదు. కానీ 1969లో మొదలైన ఆ పురస్కారం ఛాయాగ్రాహకుడిగా జీవితం గడిపిన వ్యక్తిని తొలిసారి వరించింది 2008 సంవత్సరానికి, వి.కె.మూర్తి రూపంలో. బార్ట్లే ఆ జాబితాలో లేనేలేరు. దర్శకుడి, నటుడి వెనుక ఛాయాగ్రాహకుడిని నిలబెట్టే అలవాటు మన పరిశ్రమలోనూ, మన పత్రికల్లోనూ పాతుకుపోయింది.

ఇకనైనా చేయాల్సింది ఉంది. ‘మాయాబజార్’, ‘పాతాళభైరవి’, ‘మిస్సమ్మ’లకు మిగిలిన నెగెటివ్‌లు, ప్రింట్లలో మేలైనవాటిని ఎంచి, అసలు నలుపు తెలుపు రూపంలోనే నేటి ప్రమాణాలకు తగినట్టు పునరుద్ధరించాలి. ఖర్చును ఉభయ తెలుగు రాష్ట్రాల ప్రభుత్వాలు, చలనచిత్ర వాణిజ్య మండలి, హక్కుదారులు కలిసి భరించాలి. ఆ పనిలో అనుభవజ్ఞులైన ఛాయాగ్రాహకుల మాటే చెల్లుబాటు కావాలి. ఫిల్ము ఏటేటా పాడైపోయే వస్తువు గనుక, ఈ నిర్ణయాన్ని మరో ఉత్సవం దాకా వాయిదా వేయకూడదు.