రిట్ వేసినంత మాత్రాన మార్కులు పెరగవు

సెమిస్టర్ ఫలితాల సీజన్ వచ్చిందంటే హనుమకొండ, కాజీపేట స్టూడెంట్ వాట్సాప్ గ్రూపుల్లో ఒక మెసేజ్ తిరగడం మొదలవుతుంది. "హాల్‌టికెట్ ఆపితే హైకోర్టులో రిట్ వేయండి, పరీక్ష రాయనిస్తారు. రాశాక రిజల్ట్ ఇవ్వక తప్పదు. మార్కులు తగ్గితే జడ్జిగారే పేపర్ మళ్లీ దిద్దిస్తారు. యూనివర్సిటీ జవాబు పత్రం మాత్రం చచ్చినా చూపించదు" అని.

రిట్ అంటే హైకోర్టులో నేరుగా వేసే పిటిషన్. అది వేసే హక్కు ఉంది, రాజ్యాంగంలోని 226వ అధికరణం అందుకే. కేసు తేలేలోపు పరీక్ష రాయనివ్వమని మధ్యంతర ఉత్తర్వు కూడా రావచ్చు. కానీ అది తుది తీర్పుకు లోబడే ఉంటుంది. కేసు ఓడితే రాసిన పరీక్ష లెక్కలోకి రాదు. జాలితో ఇచ్చే ఇలాంటి ఉత్తర్వుల వల్ల ఎవరికీ మేలు జరగదని గురునానక్ దేవ్ యూనివర్సిటీ కేసులో సుప్రీంకోర్టు 1993లోనే గట్టిగా చెప్పింది.

"రాశాక రిజల్ట్ ఇవ్వక తప్పదు" అన్న మాటకు మూలం 1975 నాటి కురుక్షేత్ర యూనివర్సిటీ కేసు అయ్యుండాలి. అక్కడ ఒక లా విద్యార్థికి అటెండెన్స్ చాలలేదు. ఆ సంగతి ముందే చూసుకోవాల్సిన యూనివర్సిటీ, పరీక్ష రాయనిచ్చి తర్వాత అభ్యర్థిత్వం రద్దు చేసింది. విద్యార్థి మోసమేమీ చేయలేదు కాబట్టి ఫలితం ప్రకటించమంది సుప్రీంకోర్టు. అంటే అనుమతి ఇచ్చింది యూనివర్సిటీయే. కోర్టు ఉత్తర్వుతో హాల్లో కూర్చున్నవాళ్లకు ఈ తీర్పును అతికించడం కుదరదు.

ఇక జడ్జి దిద్దించడం. మెసేజ్‌లో అన్నిటికంటే ప్రమాదకరమైన మాట ఇదే. రూల్స్‌లో లేకపోతే రీవాల్యుయేషన్ హక్కుగా అడగలేరని 1984లోనే మహారాష్ట్ర బోర్డు కేసులో తేలిపోయింది. 2017లో రణ్‌విజయ్ సింగ్ కేసులో ఇంకా స్పష్టంగా చెప్పారు: రూల్స్‌లో లేనప్పుడు కోర్టు మళ్లీ దిద్దించాలంటే తర్కించి వివరించే పని లేకుండా తప్పు ఇట్టే కనిపించాలి, అదీ అరుదుగానే. అనుమానం ఉంటే లాభం పరీక్ష పెట్టిన సంస్థకే. "నా జవాబు బాగానే ఉంది సార్, ఇంకో నాలుగు మార్కులు పడాలి" అంటే ఏ బెంచీ వినదు.

జవాబు పత్రం చూపించరన్న మెసేజ్ చివరి మాట శుద్ధ అబద్ధం. దిద్దిన జవాబు పత్రాన్ని చూసే, కాపీ తీసుకునే హక్కు విద్యార్థికి ఉందని 2011లో ఆదిత్య బందోపాధ్యాయ్ కేసులో తీర్పు వచ్చింది. సమాచార హక్కు చట్టం (ఆర్‌టీఐ) కింద దరఖాస్తుకు 10 రూపాయలు, పేజీకి 2 రూపాయలు. యూనివర్సిటీ సొంత స్కీమ్‌లో వందల్లో ఫీజు పెట్టుకున్నా, ఆర్‌టీఐ దారి మూసుకుపోదని 2019లో కంపెనీ సెక్రటరీల ఇన్‌స్టిట్యూట్ కేసులో తేలింది. దిద్దినవాళ్ల పేర్లు మాత్రం ఇవ్వరు. కూడికలో తప్పో, దిద్దకుండా వదిలేసిన జవాబో ఉంటే అక్కడే బయటపడుతుంది. నిజంగా కోర్టుకే వెళ్లాల్సి వచ్చినా చేతిలో ఉండాల్సిన కాగితం అదే.

ఒక చిక్కుంది. ఆర్‌టీఐ జవాబుకు 30 రోజుల గడువు, రీవాల్యుయేషన్ ఆఖరు తేదీ అంతకంటే ముందే వచ్చేయొచ్చు. అందుకని రెండూ ఒకేసారి పెట్టాలి. జవాబు పత్రాలను యూనివర్సిటీ ఎల్లకాలం దాచదు కూడా. దాచే గడువు దాటి వాటిని తీసేశాక చూపించమని అడిగే వీలు లేదు.