ఏళ్ల తరబడి తగిలే దెబ్బకు ఇంటర్వెల్ ఎక్కడ?

కనిగిరి వైపు కుర్రాళ్లు నలుగురు చేతి డబ్బులతో తీసిన 22 నిమిషాల సినిమా ఒకటి ఈ మధ్య చూశాను. కథ ఇంతే: ఫ్లోరైడ్ నీళ్లు తాగి తాగి నడుము బిగుసుకుపోయిన తండ్రి, పొద్దున్నే సైకిల్‌కి 20 లీటర్ల క్యాను కట్టుకుని నీళ్ల ప్లాంటుకు పోయే కూతురు. ఆ అమ్మాయికి ఒంగోలులో డిగ్రీ సీటొచ్చింది. తను పోతే నీళ్లెవరు తెస్తారన్న మాట ఇంట్లో ఎవరూ పైకి అనరు. తండ్రి మాత్రం ఒక్కసారి అడుగుతాడు, "ఒంగోలు బస్సు ఎన్నింటికి మా?" అని.

ఏమీ జరగలేదు, సాగదీశారు అన్నారు చూసినవాళ్లలో కొందరు. పాటలకూ ఫైట్లకూ అలవాటుపడ్డ కళ్లకు అలా అనిపించడం సహజమే.

కానీ ఫ్లోరైడ్ జబ్బు నడకే అది. ఫ్లోరైడ్ లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటిన నీళ్లు తాగితే రేపటికేమీ కాదు. వాసన రాదు, మరగబెట్టినా పోదు. చిన్నప్పుడే పళ్ల మీద గోధుమరంగు మచ్చలు తేలతాయి. ఏళ్లు గడిచాక మోకాళ్లు, మెడ, చివరికి వెన్నెముక పట్టేస్తాయి. ఇందులో విలన్ ఏ సీన్లో రావాలి? తండ్రి మంచం మీంచి లేవడానికి పట్టే నిమిషంన్నరని దర్శకుడు ఒక్క కట్ లేకుండా చూపించాడు. సంగీతం లేదు, మంచం కోళ్లు కిర్రుమనడమే. ఆ జబ్బు గురించి ఎన్నో నివేదికలు చదివాను. ఒళ్లు జలదరించింది మాత్రం ఆ నిమిషంన్నరకే.

ఇలాంటి సినిమాల్ని 'నిశ్శబ్ద పోరాటాలు' అని మెచ్చుకుంటారు. ఆ మాటతోనే నాకు పేచీ. కనిగిరి ఉన్న ఈ పశ్చిమ ప్రకాశం ఎప్పుడు నోరు మూసుకుంది? నీళ్లడిగి అడిగి గొంతు పోయింది. వెలిగొండ ప్రాజెక్టుకు శంకుస్థాపన జరిగింది 1996లో. శ్రీశైలం నుంచి సొరంగాల్లో 43.5 టీఎంసీల కృష్ణా వరద నీళ్లు ప్రకాశం, నెల్లూరు, కడప మెట్టకు వస్తాయన్నారు. ఆ రాయి పడ్డ ఏడు పుట్టిన బిడ్డలు ఇవాళ తల్లిదండ్రులయ్యే ఈడువాళ్లు. వాళ్ల పిల్లలూ క్యాను నీళ్లే కొనుక్కు తాగాలా?

కూతురు ఒంగోలు పోయిందో లేదో సినిమా చెప్పదు. వెలిగొండ మీద ఈసారి సమీక్ష పెట్టినప్పుడు, అధికారులు లెక్కలు తెరమీద వేసేముందు, ఆ నిమిషంన్నర వేయమనండి.