డెన్మార్క్ అంటే కుర్చీలేనా?

రెండో ప్రపంచ యుద్ధం తర్వాతి డెన్మార్క్ కళ గురించి ఎవరు మొదలుపెట్టినా ఫర్నిచర్ డిజైనర్ హాన్స్ వెగ్నర్ కుర్చీల దగ్గరే ఆగిపోతారు. 1960లో కెన్నెడీ, నిక్సన్ టీవీ చర్చలో వాడింది ఆయన కుర్చీలే అని తప్పకుండా చెప్తారు. మంచి కుర్చీలే, కాదనను. కానీ అదే దేశంలో, అదే కాలంలో ఆస్గర్ యోర్న్ బొమ్మలు వేశాడు. ఆయన పేరైనా ఎత్తకుండా ఆ కాలం కథ చెప్పేస్తుంటే నాకు ఒళ్ళు మండుతుంది.

1940లో జర్మన్ సైన్యం డెన్మార్క్‌లోకి వచ్చింది. ఆధునిక చిత్రకళను నాజీలు భ్రష్టమైనదని వెలివేసిన రోజులవి. ఆ నిర్బంధంలోనే, 1941లో, యోర్న్, ఆయన మిత్రులు 'హెల్‌హెస్టెన్' అనే పత్రిక మొదలుపెట్టారు. ఆ పేరు చావు కబురు మోసుకొచ్చే మూడుకాళ్ళ గుర్రానిది, డేనిష్ జానపద కథల్లోది. పిల్లలు వేసిన బొమ్మలు, మాస్కులు, జానపద కళ, పురాణాలు: వీటికే ఆ పత్రికలో పెద్దపీట. అదే ఏడాది కోపెన్‌హేగెన్ దగ్గర డేరా వేసి అందులో ప్రదర్శన కూడా పెట్టారు. 1948లో పారిస్ కెఫేలో పుట్టిన కోబ్రా అనే కళాకారుల బృందాన్ని, యోర్న్ కూడా అందులోవాడే, హఠాత్తుగా ఊడిపడినట్టు రాస్తుంటారు. డెన్మార్క్‌కు సంబంధించినంత వరకు దాని వేళ్ళు ఈ ఆక్రమణ రోజుల్లోనే ఉన్నాయి.

కోబ్రా మూడేళ్ళే నడిచింది. 1951లో యోర్న్ క్షయ వ్యాధితో సిల్కెబోర్గ్ శానిటోరియంలో చేరాడు. బృందంలోని బెల్జియం కవి డోట్రెమాన్‌కూ అదే జబ్బు, అదే శానిటోరియం.

నీటైన డిజైన్ అంటే ఏమిటో తెలియక యోర్న్ గజిబిజిగా వేశాడనుకునేవాళ్ళకు ఒక మాట. 1930ల్లోనే ఆయన పారిస్ వెళ్ళి చిత్రకారుడు లెజే దగ్గర నేర్చుకున్నాడు, ఆధునిక భవన శిల్పి లె కార్బూజియే కోసం పనిచేశాడు. అంతా తెలిసే ఆ దారి వద్దనుకున్నాడు. 1950ల్లో జర్మనీలో ఉల్మ్ డిజైన్ స్కూల్ పెట్టిన మాక్స్ బిల్‌తో గట్టిగా వాదించాడు. వస్తువు పనికొస్తే చాలదు, అందులో మనిషి ఊహకు చోటుండాలి అన్నది ఆయన పట్టు. ఈ గొడవ వదిలేసి డేనిష్ డిజైన్‌ను పొగడటం సగం చరిత్రే.

1964లో అమెరికాలోని గుగ్గెన్‌హైమ్ కళా సంస్థ బహుమతి ప్రకటిస్తే, మీ డబ్బుతో మీరే నరకానికి పొండని టెలిగ్రామ్ కొట్టాడు. అంత డబ్బు కాదన్న మనిషి తన బొమ్మలతో పాటు తాను సేకరించిన ఇతరుల బొమ్మలనూ వేలకొద్దీ సిల్కెబోర్గ్ అనే చిన్న ఊరి మ్యూజియానికి ఇచ్చేశాడు. 1957 నుంచి 1972 దాకా మళ్ళీ మళ్ళీ దిద్దిన 'స్టాలిన్‌గ్రాడ్' కూడా అక్కడే ఉంది. యుద్ధం తర్వాత యూరప్‌లో వచ్చిన గొప్ప చిత్రాల్లో అది ఒకటని నా గట్టి నమ్మకం.