పసుపు మేకప్ డబ్బా గారికి బహిరంగ లేఖ

శ్రీయుత పసుపు మేకప్ డబ్బా గారికి,
గ్రీన్ రూమ్, మూడో అద్దం కింద సొరుగు, జర్మనీ.

అయ్యా,

ఉభయకుశలోపరి. మీ ఒంట్లో ఈమధ్య బాగుండటం లేదనీ, మిమ్మల్ని సొరుగులోంచి తియ్యాలంటే నాటకశాలల వాళ్ళు ఒకటికి రెండుసార్లు ఆలోచిస్తున్నారనీ తెలిసి ఈ ఉత్తరం రాస్తున్నాను. ఖాళీగానే ఉన్నారు కాబట్టి ఓపిగ్గా చదువుతారని ఆశ.

పసుపు అనగానే మా ఇళ్ళలో గడప గుర్తొస్తుంది. మీకూ గడపతోనే పని, కాకపోతే మనిషిని గడప ఇవతలే నిలబెట్టే పని. తెల్ల నటుడి మొహానికి ఇంత రంగు పులిమి చైనావాడని లోపలికి పంపడం, నిజంగా చైనా మూలాలున్న మనిషి వస్తే "ఆ వేషానికి మనిషి దొరికాడండీ" అని చెప్పించడం. వందేళ్ళ పైచిలుకు సర్వీసు. ఒక్క మెమో లేదు.

మీ పుట్టిల్లు బెర్లిన్. 1873లో లుడ్విగ్ లైష్నర్ అనే ఒపేరా గాయకుడు అక్కడ రంగుల ఫ్యాక్టరీ పెట్టాడు. కాస్త రసాయనశాస్త్రం కూడా తెలిసినవాడు. అంతకుముందు నటులు పూసుకునే రంగుల్లో సీసం ఉండేది, చర్మం పాడయ్యేది. ఆయన సీసం తీసేసి, కొవ్వు కలిపి, రంగుని కడ్డీలుగా పోతపోసి, వాటికి నంబర్లు వేసి అమ్మాడు. పాపం, విషం మొత్తం పోయిందనే అనుకుని ఉంటాడు.

తర్వాత మీకు ఒకటే యోగం. 1919లో ఫ్రిట్జ్ లాంగ్ తీసిన సినిమాలో లిల్ డాగోవర్ జపాను అమ్మాయి అయిపోయింది. 1925లో క్లాబుండ్ అనే కవి పాత చైనా నాటకం ఒకదాన్ని 'సుద్దగీత వలయం' కథగా జర్మన్‌లో తిరగరాస్తే, బెర్లిన్‌లో ఎలిజబెత్ బెర్గ్నర్ ఆ చైనా పిల్ల వేషం కట్టింది. 1929 అక్టోబరులో లెహార్ అనే స్వరకర్త ఆపరెట్టా, అంటే పాటలతో నడిచే తేలికపాటి నాటకం, 'చిరునవ్వుల దేశం' మొదలైంది. అందులో బీజింగ్ యువరాజు సూ-చోంగ్ ఎవరనుకున్నారు? ఆస్ట్రియాలోని లింజ్‌లో పుట్టిన రిచర్డ్ టౌబర్. ఆయన గొంతుకి వంక పెట్టను. పాట మొదలవగానే బెర్లిన్ కరిగిపోయింది. ఆ దేశం పేరు మీద ఇన్ని టికెట్లు తెగాయి, అక్కడి మనిషి ఒక్కడు లేకపోయినా ఎవరికీ వెలితి అనిపించలేదు.

మధ్యలో మీకొక గండం వచ్చింది. గుర్తుందా? 1928. లాస్ ఏంజెలెస్ నుంచి ఒక నిజమైన మొహం బెర్లిన్‌లో దిగింది. చైనా మూలాలున్న సినిమా నటి అనా మే వాంగ్.

తండ్రిది లాండ్రీ. ఆమె 1905లో లాస్ ఏంజెలెస్‌లోనే పుట్టింది. హాలీవుడ్‌లో ఎంత బాగా చేసినా బానిస పిల్ల, మోసగత్తె, లేదా చివరి రీలుకి ముందు చచ్చిపోయే ప్రేయసి. విసుగొచ్చి ఓడెక్కింది. దర్శకుడు రిచర్డ్ ఐష్‌బెర్గ్ ఆమెని హీరోయిన్‌గా పెట్టి 'సాంగ్' తీశాడు. పక్కన హైన్రిష్ జార్జ్, కత్తులు విసిరేవాడి వేషంలో. హీరోయిన్ వేషమే, పోస్టర్ల నిండా ఆమె మొహమే. కాకపోతే అందులోనూ కత్తుల మధ్య నాట్యం చేస్తూ, వాటి మీదే పడి చచ్చిపోయింది. అట్లాంటిక్ దాటినా ఆమె చావు రాత మారలేదన్నమాట.

బెర్లిన్ విమర్శకులు ఆకాశానికెత్తారు. మీరు బెంగపడి ఉంటారు, కానీ ఆ మెచ్చుకోలులో మీకు ఊరటనిచ్చేది ఒకటుంది. వాళ్ళందరూ ఆమె చైనా మూలాల గురించే రాశారట. అమెరికాలో పుట్టిన పిల్ల అన్న ముక్క మాత్రం ఎవరూ రాయలేదని ఒక అమెరికా పత్రికే ఎత్తిచూపింది. వాల్టర్ బెన్యమిన్ అంతటి మేధావి ఆ వేసవిలో ఆమెతో కూర్చుని మాట్లాడి పత్రికకి రాశాడు. ఎదురుగా ఉన్నది లాండ్రీ వాళ్ళమ్మాయి, సినిమా పిచ్చితో పెరిగిన కాలిఫోర్నియా పిల్ల. ఆయనకి ఆమె పేరు వింటే టీ గిన్నెలో విచ్చుకునే పూలు గుర్తొచ్చాయి! మీరు మొహాల మీద చేసే పని ఆయన కలంతో చేసిపెట్టాడు. మీకు జీతం మిగిలింది.

ఆమె మాత్రం జర్మన్ నేర్చుకుంది. మాట్లాడే సినిమాలొచ్చాక 1930లో ఒకే కథని జర్మన్, ఇంగ్లీషు, ఫ్రెంచి భాషల్లో మూడుసార్లు తీస్తే మూడింట్లోనూ తనే నటించింది, తన గొంతుతోనే. అదే ఏడాది వియన్నాలో స్టేజీ ఎక్కి జర్మన్‌లో ఆపరెట్టా ఆడింది, కష్టమైన జర్మన్ వేషాన్ని చక్కగా నెగ్గుకొచ్చిందని అక్కడి విమర్శకుడే ఒప్పుకున్నాడు. అంతకు ముందు ఏడాది లండన్‌లో ఆ సుద్దగీత వలయం నాటకమే ఇంగ్లీషులో వేస్తే ఆమె హీరోయిన్, పక్కన కుర్ర లారెన్స్ ఒలివియే. అక్కడ ఆమె యాస అమెరికా యాసలా ఉందని సణిగారు. చైనా పిల్ల వేషానికి ఆక్స్‌ఫర్డ్ ఇంగ్లీషు కావాలట! ఇంతకీ ఏ యాస పెడితే సంతోషించేవాళ్ళో నాకిప్పటికీ అర్థం కాదు.

ఇక మీ జీవితంలో బంగారు ఘట్టానికి వద్దాం. 1930ల మధ్యలో ఎమ్‌జీఎమ్ సంస్థ చైనా రైతు కుటుంబం కథ 'ది గుడ్ ఎర్త్' మొదలుపెట్టింది. అనా మే తిరిగి అమెరికాలోనే ఉంది. రైతు భార్య ఓ-లాన్ వేషం ఆమెకి కాక ఇంకెవరికి? కానీ రైతు వేషం పాల్ మునీకి ఇచ్చేశారు, ఆయన తెల్లవాడు. వేరే జాతి స్త్రీతో ప్రేమ చూపించకూడదని సెన్సారు నియమావళి. భర్త ఉత్తుత్తి చైనావాడు కాబట్టి భార్య నిజం చైనా మనిషి అయితే తప్పు, ఆమె కూడా ఉత్తుత్తిదైతేనే ధర్మం. ఇంత చక్కటి తర్కం మా ఊరి పంచాయితీల్లో కూడా వినలేదు.

అలా ఓ-లాన్ వేషం ఎవరికి వెళ్ళింది? డ్యుసెల్డార్ఫ్‌లో పుట్టి, వియన్నాలో పేరున్న నాటక దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ దగ్గర నాటకాలాడిన లూయిజ్ రైనర్‌కి. అనా మేకి కావాలంటే ఇస్తామన్నది లోటస్, ఆ ఇంట్లో చిచ్చు పెట్టే రెండో ఆడది. కథ మొత్తంలో చెడ్డ వేషం అదొక్కటే, చైనా రక్తం ఉన్నది నాకొక్కదానికే, అదే నన్ను వెయ్యమంటారా అని ఆమె తిప్పికొట్టింది. అది వియన్నా నర్తకి టిల్లీ లోష్‌కి పోయింది. చూశారా, ఈ పిల్ల వేషాల కోసం జర్మన్ నేర్చుకుని బెర్లిన్, వియన్నాలు తిరిగొచ్చేసరికి, ఆ రెండు చైనా వేషాలూ జర్మన్ మాట్లాడేవాళ్ళకే వెళ్ళాయి. రైనర్‌కి ఆస్కార్ కూడా వచ్చింది, వరసగా రెండోది.

ఇక్కడ రైనర్‌ని అనడానికి నాకు నోరు రాదు. యూదు కుటుంబంలో పుట్టిన మనిషి. పైగా ఆవిడ ఆ సినిమాలో మిమ్మల్ని దగ్గరికి రానివ్వలేదు. మొహానికి ముసుగు తొడుక్కోవడం తన పద్ధతి కాదని, లోపల్నుంచే ఆ మనిషినవుతానని అన్నదట. మీ అహం ఎక్కడ దెబ్బ తిన్నదో నేను ఊహించగలను. మీరు డబ్బాలోంచి బయటికి రాకముందే పని అయిపోయింది. ఇన్నాళ్ళూ మీ వల్లే ఈ వ్యవహారం నడుస్తోందనుకున్నారు కదా? వేషం ఎవరికివ్వాలో తేలాకే మిమ్మల్ని పిలిచేవారు. మీరు గుమస్తా, సంతకం వేరేవాళ్ళది.

డబ్బు లెక్క కూడా ఒకటి చెప్పేస్తాను. 1931లో వచ్చిన ఫు మాంచు సినిమాలో అనా మే హీరోయిన్. ఆమె తండ్రిగా, చైనా విలన్‌గా వేసింది స్వీడన్‌లో పుట్టిన వార్నర్ ఓలండ్, కాసేపే కనిపిస్తాడు. ఆయనకి 12,000 డాలర్లు, ఆమెకి 6,000. రంగు ఖర్చు కలిపి ఇచ్చారేమో.

నా సమాధి మీద "వెయ్యిసార్లు చచ్చిపోయింది" అని రాయండి అని ఆమె అనేదట. 1961లో, 56 ఏళ్ళకి నిజంగానే పోయింది. 2022లో అమెరికా పావలా, అంటే 25 సెంట్ల నాణెం మీద ఆమె మొహం అచ్చేశారు. అప్పటికైనా ఆ వేషం ఆమెకే ఇచ్చారు.

ఇంతకీ జర్మనీలో చైనావాళ్ళు లేరా అప్పుడు? అదే కదా మీ తరఫు వాదన, మనుషులు దొరక్క రంగు పూశామని. హాంబుర్గ్‌లో సాంక్ట్ పౌలీ పేట, ష్ముక్‌ష్ట్రాసే వీధికి వెళ్తే కనబడేవారు. ఓడల్లో బొగ్గు ఎగదోసే పనికొచ్చి దిగిపోయినవాళ్ళు, హోటళ్ళు, లాండ్రీలు పెట్టుకున్నవాళ్ళు, జర్మన్ ఆడవాళ్ళతో కాపురాలు చేసినవాళ్ళు. 1944 మే 13న నాజీల రహస్య పోలీసు, గెస్టపో, వచ్చి ఆ పేటలో ఉన్న సుమారు 130 మంది చైనా మగవాళ్ళని పట్టుకుపోయింది. కొట్టారు, విల్‌హెల్మ్స్‌బుర్గ్‌లో లేబర్ క్యాంపులో పెట్టారు, కొందరు తిరిగి రాలేదు. ఇప్పుడు ఆ వీధిలో ఒక ఫలకం ఉంది. యువరాజు సూ-చోంగ్ పాటలు మాత్రం ఇవాళ్టికీ ఆపరెట్టా హాళ్ళలో వినబడతాయి. మీరు వెళ్ళి ఆ ఫలకం చదవలేరు, సొరుగుకి తాళం కాబట్టి.

నటన అంటేనే మరొకరు కావడం కదా అంటారు మీరు. అది నేను కొట్టిపారెయ్యను. మా స్థానం నరసింహారావు గారు సత్యభామగా స్టేజీ మీదకొస్తే ఆడవాళ్ళే ఆ నడక చూసి నేర్చుకున్నారని చెబుతారు. ఆడవాళ్ళు నాటకాల్లోకి వస్తే పరువు పోతుందనుకున్న రోజులవి. అయినా ఆ రోజుల్లోనే సురభి వాళ్ళు తమ ఇంటి ఆడవాళ్ళచేత ఆడవేషాలు కట్టించారు, ఆకాశమేమీ విరిగి మీద పడలేదు. ఇంకోటి, వేషమంటే రెండు వైపులా నడవాలి. తెల్లమ్మాయి చైనా పిల్ల అవగలిగినప్పుడు, చైనా మూలాలున్న అమ్మాయి జర్మన్ మహాకవి గేటే నాటకం 'ఫౌస్ట్'లో జర్మన్ పిల్ల గ్రెట్షెన్ ఎందుకు కాకూడదు? మీ సొరుగులో ఆ నంబరు కడ్డీ ఉందా? వెతికి చూడండి.

2012లో బెర్లిన్‌లో ఒక నాటకంలో తెల్ల నటుడు నల్లరంగు పూసుకున్నాడని గొడవైంది, అదే మీ అన్నగారి కేసు. నల్లజాతి నటుల్ని కంపెనీలో పర్మనెంటుగా పెట్టుకోవడానికి సరిపడా వేషాలు మన నాటకాల్లో లేవు అని జవాబొచ్చింది. వేషాలు లేవు కాబట్టి మనుషులు వద్దు, ఉన్న ఒక్క వేషానికి మనుషులు లేరు కాబట్టి రంగు. కుక్క తన తోక పట్టుకోవడానికి తిరిగినట్టు తిరుగుతోంది.

కొత్త తరం మిమ్మల్ని వాడకుండానే మీ పని చేయిస్తోంది, అది తెలుసుకోవాలి మీరు. 2009లో వియన్నాలో మొదలైన, జర్మన్ రచయిత షిమెల్‌ఫెన్నిష్ నాటకం ఒకటుంది. ఆసియా హోటల్ వంటగదిలో పేపర్లు లేని చైనా కుర్రాడికి పన్ను నొప్పి, డాక్టరు దగ్గరికి వెళ్ళలేడు, తోటి వంటవాళ్ళే పన్ను పీకుతారు. అయిదుగురు నటులే, ముసలివాళ్ళు పడుచువాళ్ళుగా, మగవాళ్ళు ఆడవాళ్ళుగా, ఎవరూ ఎవరిలా ఉండనక్కర్లేదు. ఎత్తుగడ నాకు నిజంగా నచ్చింది. కానీ అదే కథని ఒపేరా చేసి 2017లో బ్రిటన్‌లో ఆడబోతే, అయిదుగురూ తెల్లవాళ్ళే. లండన్‌లో హాక్నీ ఎంపైర్ వాళ్ళు ప్రదర్శన రద్దు చేసుకున్నారు. ఎవరైనా ఎవరైనా కావచ్చు అన్న సూత్రం ఉన్నచోట కూడా ఆ "ఎవరైనా"లో ఫలానావాళ్ళు పడకపోవడం మీ వంశం గొప్పతనమే.

మీ వారసుడి పేరు యాస. హాంబుర్గ్‌లో పుట్టి, అక్కడి బళ్ళో చదివి, నాటక విద్యాలయంలో జర్మన్ కవి షిల్లర్ పద్యాలు కంఠతా పట్టిన అమ్మాయి ఆడిషన్‌కి వెళ్తుంది. వేషం నర్సు, లేకపోతే నూడుల్స్ షాపు ఓనరు, లేకపోతే మసాజ్ పార్లర్ కేసులో సాక్షి. రెండు వాక్యాలు చెబుతుంది. అవతల నుంచి, "బాగుందండీ, కొంచెం విరిచి విరిచి చెబుతారా?" తను పుట్టిన భాషని తనే పాడు చేసి చూపిస్తే వేషం. మీరు తెల్లవాళ్ళకే పసుపు రాసేవారు. ఈ కొత్త కుర్రాడు ఆ అమ్మాయికే రాస్తున్నాడు, అదీ ఆమె చేత్తోనే రాయిస్తున్నాడు.

కాబట్టి మీరు నిశ్చింతగా రిటైరవ్వండి. వీడ్కోలు సభ పెడితే శాలువా ఖర్చు నేను భరిస్తాను.

ఇట్లు,
బాల్కనీ టికెట్టు కొనుక్కుని చూసే ఒక ప్రేక్షకుడు

తా.క. తెలుగు సినిమా సెట్ల మీద పనిచేసే మీ చెల్లెలు, గోధుమరంగు డబ్బా గారిని అడిగానని చెప్పండి. ఆవిడ ఇంకా సర్వీసులోనే ఉంది, ఓవర్‌టైమ్ కూడా చేస్తోంది. ఎక్కడినుంచో తెల్లటి అమ్మాయిని తెచ్చి, రెండు పూతలు నల్లగా పూసి, పల్లెటూరి పిల్లని చేసి పొలం గట్టు మీద నిలబెడుతున్నారు. ఆ పిల్లకి డబ్బింగ్ చెప్పేది మాత్రం చాలాసార్లు మా తెలుగమ్మాయే. గొంతు పనికొస్తుందట.