కౌగిలి పూర్తయినంత మాత్రాన

ప్రేక్షకుడు: ఇద్దరు కలిసి నాట్యమాడుతుంటే వాళ్ల మధ్య చనువు కళ్లకు కట్టినట్టు కనబడుతుందండీ. అర్జెంటీనా జంట నాట్యం టాంగోనే చూడండి. ఎదకు ఎద ఆనించి నడుస్తారు. అడుగులు ముందే అనుకుని ఆడరు, ఒకరి బరువు ఎటు ఒరిగితే రెండోవారు అటు కదులుతారు. అంతకన్నా దగ్గరితనం ఏముంది?

నర్తకి: మూడు నాలుగు పాటలు కాగానే జోడీ మారుతుంది కదా! అప్పటిదాకా ఆనుకుని ఆడినవాళ్లకు ఒకరి పేరు ఒకరికి తెలియకపోవచ్చు కూడా.

ప్రేక్షకుడు: పేరు తెలియకపోతేనేం? ఆ కాసేపూ ఎదుటి మనిషి మీద ఉంచిన ధ్యాస అబద్ధమా? ఏళ్ల తరబడి ఒకే ఇంట్లో ఉండేవాళ్లలో ఎంతమందికి అంత ధ్యాస ఉంది?

నర్తకి: ఆ మాట కాదనలేను. కానీ ధ్యాస వేరు, మనసు కలవడం వేరు. జర్మన్ నృత్యకర్త పీనా బౌష్ 1978లో చేసిన ‘కేఫ్ ముల్లర్’ అనే నాట్యంలో ఒక ఘట్టం ఉంది. ఒక జంట గట్టిగా కౌగిలించుకుని నిలబడతారు. మూడో మనిషి వచ్చి వాళ్ల చేతులు విడదీస్తాడు, పెదవులు కలుపుతాడు, ఆమెను ఎత్తి అతని చేతుల్లో పెడతాడు. అతను పట్టుకోడు. ఆమె జారి కింద పడుతుంది, చివాలున లేచి మళ్లీ అతన్నే వాటేసుకుంటుంది. మళ్లీ అదే వరస, ఇంకా వేగంగా. చివరికి మూడో మనిషి వెళ్లిపోయినా ఇద్దరూ తమంతట తామే అదంతా చేసేస్తారు. ముద్దూ ఉంది, కౌగిలీ ఉంది, మనిషికి మనిషి మాత్రం అందలేదు. ఆ ఎడాన్ని దాచకుండా చూపిన నాట్యాన్నే నేను నమ్ముతాను. మన కూచిపూడి భామాకలాపంలో సత్యభామ విరహం కూడా అంతే. కృష్ణుడు పక్కన లేకపోబట్టే ఆ ప్రేమ ఎంతటిదో మనకు తెలిసింది.

ప్రేక్షకుడు: ఆ సత్యభామగా అందరి మెప్పూ పొందింది వేదాంతం సత్యనారాయణ శర్మగారు. మగవారు! ఆడదాని విరహం అరువు తెచ్చుకున్నదేగా?

నర్తకి: ఆ మాటకొస్తే నాదీ అరువే. ఆడదాన్నైనంత మాత్రాన సత్యభామనైపోతానా? ఆయన ఆ చూపు కోసం ఎంత సాధన చేశారో ఆలోచించకుండా అనేయకండి.

ప్రేక్షకుడు: తప్పుగా అనలేదండీ. వందోసారి ఆడేటప్పుడు కూడా ఆ బాధ ఉంటుందా అని అడుగుతున్నాను.

నర్తకి: నాకుండదు. చూపు ఎక్కడ నిలపాలి, ఊపిరి ఎక్కడ ఆపాలి అన్నదే ఉంటుంది. బాధ మీకు కలగాలి.

ప్రేక్షకుడు: కలిగింది. అంటే మీకూ నాకూ మధ్య చనువు ఏర్పడ్డట్టేగా?

నర్తకి: వేదిక మీద లైట్ల వెలుగుకి మీ ముఖమే నాకు కనబడదండీ.