అప్‌డేట్ నొక్కాలా, ఆపాలా?

శ్రీకాకుళం ఏడు రోడ్ల జంక్షన్ దగ్గర నెట్ సెంటర్. 4 జీబీ ర్యామ్ సిస్టమ్‌లు నాలుగు, మూలన ఒక పాతది. యజమాని సింహాచలం, సిస్టమ్‌లు చూసేది రమణ.

సింహాచలం: క్రోమ్ అప్‌డేట్ జోలికెళ్ళకు రమణా. పనిచేస్తన్నదాన్ని కెలకడం దేనికి? అప్‌డేటయిన ప్రతిసారీ ర్యామ్ ఇంకాస్త తింటాది.

రమణ: తినేది ట్యాబులు బావా. షిఫ్ట్, ఎస్కేప్ కలిపి నొక్కు, ఏ ట్యాబ్ ఎంత లాగుతుందో కనిపిస్తుంది. 2018లో సైట్లను విడదీసి కాపాడే మార్పుతో మెమరీ 10 నుంచి 13 శాతం పెరిగిందని గూగులే చెప్పింది, ఆ మాట కాదనను. కానీ 2022 డిసెంబరులో క్రోమ్ 108 వెర్షన్‌తో మెమరీ సేవర్ వచ్చింది. మూడు చుక్కలు, సెట్టింగ్స్, పెర్ఫార్మెన్స్‌లో ఆన్ చెయ్యి. వాడని ట్యాబ్ మెమరీ వదిలేస్తుంది, నొక్కితే మళ్ళీ లోడవుతుంది.

సింహాచలం: అక్కడే కదా తంటా! పార్టీ జెరాక్స్‌కి ఎల్లి వచ్చేసరికి దరఖాస్తు మొదటికొస్తే?

రమణ: సగం నింపిన ఫారం, డౌన్‌లోడ్ అవుతున్న ట్యాబ్ జోలికి అది పోదు. మధ్యలో లాగిన్ తెంపేది క్రోమ్ కాదు, ఆ సైటు సర్వర్. అయినా అనుమానముంటే అక్కడే ఎప్పుడూ యాక్టివ్‌గా ఉంచే సైట్లలో పోర్టల్ అడ్రస్ చేర్చు.

సింహాచలం: మరి ఆధార్ వేలిముద్ర సంగతేటి? రాత్రి అప్‌డేట్, పొద్దున్న డివైస్ దొరకలేదంటాది. వైరు బానే ఉంది, వేలిముద్ర మిషన్‌ని నడిపే ప్రోగ్రాం, అదే ఆర్‌డీ సర్వీస్, నడుస్తంది. వాకిట్లో ముసలోళ్ళు నిలబడున్నారు. వాళ్ళకేటి చెప్పమంటావు?

రమణ: అది నిజంగా దెబ్బే. ఆర్‌డీ సర్వీస్ మన సిస్టమ్‌లోనే 11100 నుంచి 11120 లోపు పోర్టులో, అంటే ప్రోగ్రాంలు మాట్లాడుకునే ఒక నంబరు ద్వారం దగ్గర, కూర్చుంటుంది, పోర్టల్ పేజీ దాన్ని పిలుస్తుంది. 2025 అక్టోబరు చివర వచ్చిన క్రోమ్ 142 నుంచి, బయటి సైటు ఇలా లోపలికి రావాలంటే క్రోమ్ అనుమతి అడుగుతుంది. ఏ సైటు పడితే అది నీ రౌటర్‌నీ ప్రింటర్‌నీ తడమకూడదని. తొందరలో బ్లాక్ నొక్కితే వేలిముద్ర పడదు. అడ్రస్ పక్కనున్న గుర్తు నొక్కి, సైట్ సెట్టింగ్స్‌లో బ్లాక్ అయిన ఆ అనుమతికి అలౌ ఇచ్చి, పేజీ రీలోడ్ చెయ్యి.

సింహాచలం: యాడ్ బ్లాకర్ కూడా పీకేశారు కదా!

రమణ: ఆ యాడ్ బ్లాకర్, యూబ్లాక్ ఆరిజిన్‌ని క్రోమ్‌లో ఆపడం నాకూ నచ్చలేదు. ఫైర్‌ఫాక్స్ బ్రౌజర్‌లో ఇంకా నడుస్తుంది.

సింహాచలం: ఫైర్‌ఫాక్స్ ఎవుడు వాడతాడు?

రమణ: నువ్వే వాడొచ్చు. అది సరే, మూలనున్న విండోస్ 7 సిస్టమ్ చూడు, దాంట్లో క్రోమ్ 109 దగ్గరే ఆగిపోయింది. కొన్ని పోర్టళ్ళు దాంట్లో తెల్లపేజీ ఎందుకిస్తున్నాయి? స్క్రిప్ట్‌లో పాత ఇంజిన్‌కి తెలియని రాత ఒక్కటున్నా ఆ స్క్రిప్ట్ మొత్తం ఆగిపోతుంది. అప్‌డేట్లు రావు కాబట్టి దాంట్లో మాత్రం బ్యాంకు పని చెయ్యకు బావా.

సింహాచలం: సర్లే. కౌంటర్ సిస్టమ్ ముట్టుకోకు. రాత్రి షట్టర్ దించేక ఒక్కదానికి చెయ్యి. వేలిముద్ర పడితే మిగతావి చూద్దాం.