ఉపేక్షించుకోవడం అంటే

మాది ఒడిశాలోని పర్లాకిమిడి. బైబిల్లోని ప్రతి మాటనూ ఉన్నదున్నట్టే తీసుకోవాలని, మాటల వెనక ఆత్మీయ అర్థం వెతకడం మొదలుపెడితే విశ్వాసం పలచబడుతుందని నేను చదివిన ఒక వ్యాసంలో రాశారు. నేను ఒప్పుకోలేకపోతున్నాను. గలతీయులకు రాసిన పత్రిక 4వ అధ్యాయంలో అబ్రాహాము దాసి హాగరు, భార్య శారాల కథను అపొస్తలుడైన పౌలే దేవుడు చేసిన రెండు నిబంధనలకు, అంటే ఒడంబడికలకు, అలంకారంగా చెప్పాడు కదా. ఆ కథ జరగలేదని ఆయన అనలేదు, జరిగినదాంట్లోనే లోపలి సంగతి చూపించాడు. కుడికన్ను అభ్యంతరపరిస్తే పెరికి పారవేయమన్న యేసు మాటనైతే ఎవరూ అక్షరాలా పాటించరు.

మా అమ్మ సంగతి చెప్తాను. మా బళ్లో అంతా ఒడియానే. అమ్మకు చూపు మందగించాక బైబిల్ చదివి వినిపిస్తూనే నేను తెలుగు చదవడం నేర్చుకున్నాను. మత్తయి 16:24లో, తనను వెంబడించాలనుకునేవాడు "తన్ను తాను ఉపేక్షించుకొని" రావాలని యేసు అన్న చోట ఆపమనేది. నాన్న పోయాక ఆ మాటే పట్టుకుని షుగర్ మాత్రలు మానేసింది. కాలి పుండు మానక మాకు ఒకటే టెన్షన్.

చివరికి పాస్టరుగారు వచ్చి మంచం పక్కన కూర్చున్నారు. తన కోసం ప్రాణం పోగొట్టుకునేవాడే దాన్ని దక్కించుకుంటాడని యేసు చెప్పిన తర్వాతి వచనంలో మన తెలుగులో "ప్రాణము" అని ఉన్నచోట గ్రీకు మూలంలో ఉన్నది ప్సుఖే అని, ప్రాణం, ఆత్మ, 'నేను' అనుకునేది, అన్నీ ఆ ఒక్క మాటలో ఉన్నాయని ఓపిగ్గా విప్పి చెప్పారు. అమ్మ చాలాసేపు మాట్లాడలేదు. మర్నాడు మాత్ర వేసుకుంది. ఆ ఆదివారం, గోడ తగువుతో 11 ఏళ్లుగా మాటల్లేని పిన్ని ఇంటికి కర్ర పట్టుకుని తనే నడిచి వెళ్లింది.